కొసరు గంట

కాగితాల్లో దాన్ని రోప్‌వే అని రాస్తారు. ఊళ్లో ఎవరూ అలా అనరు, తొట్టి అంటారు. నిజానికి అది తొట్టే. లోయకి ఈ గట్టు నుంచి ఆ గట్టుకి కట్టిన ఇనుప తాడు మీద, రెండు చక్రాలకి వేలాడే ఇనుప తొట్టి. మోకాళ్లు ముడుచుకుని కూర్చుంటే ఒక మనిషి పడతాడు. కాని మనిషి కూర్చోకూడదు. "మనుషులు ఎక్కరాదు" అని పాక గోడ మీద ఎర్ర రంగుతో రాసి ఉంది. ఆ రంగు వెలిసినప్పుడల్లా గంటమ్మే కుంచె పట్టుకుని దిద్దుతుంది. ఉప్పు, పిండి, కిరసనాయిలు, మేకులు, మందులు పైకి పోతాయి. ఉన్ని, బంగాళాదుంపలు కిందికి వస్తాయి. పైన ఉన్నది పాతిక గడపల ఊరు. నడిచి వెళ్లాలంటే లోయలోకి దిగి, వాగు దాటి, మళ్లీ ఎక్కి, రెండు రోజులు. అదీ మోకాళ్లు గట్టిగా ఉన్నవాళ్ల సంగతి.

తొట్టిని లాగే ఇంజను పైనే ఉంటుంది. కింద ఉన్నదల్లా ఒక పాక, ఒక గంట. గంట పక్కన ఒక పిడి. ఈ పిడి లాగితే లోయ దాటిపోయే తీగ కదిలి అక్కడి గంట మోగుతుంది. అక్కడ లాగితే ఇక్కడ మోగుతుంది. రెండు దెబ్బలంటే సరుకు ఎక్కింది, లాగు. మూడంటే చేరింది. ఒకటంటే ఆపు. భాషంతా ఇంతే. ఈ మూడు మాటలతో ముప్పై ఏళ్లు కాపురం చేసినవాళ్లున్నారంటే మీరు నవ్వుతారు. గంటమ్మ ముందు మాత్రం నవ్వకండి.

గంటమ్మని పెంచింది పెదనాన్న. అమ్మా నాన్నా ఒకే ఏడాది జ్వరాలతో పోతే, నాలుగేళ్ల పిల్లని భుజాన వేసుకుని పాకకి తెచ్చుకున్నాడు. ఆయనకి పెళ్లి లేదు, పిల్లల్లేరు, పని మాత్రం ఉంది. పొద్దున్నే లేచి, వేణ్ణీళ్లు పెట్టుకుని, గోడకి తగిలించిన అద్దం ముక్కలో చూసుకుంటూ గడ్డం గీసుకునేవాడు. ఉతికిన చొక్కా తొడుక్కునేవాడు. బొత్తాలన్నీ పెట్టుకున్నాక గాని గంట దగ్గరికి వెళ్లేవాడు కాదు.

"గంటకి నీ గడ్డం కనిపిస్తుందా, పెదనాన్నా?" అని ఆరేళ్లప్పుడు అడిగింది.

"కనిపించదమ్మా," అన్నాడాయన, గీసుకుంటూనే.

రెండు దెబ్బలు కొట్టాక ఆయన ఒక ఊపిరి ఆగేవాడు. ఆగి, పిడిని వేలికొసతో కదిపినట్టు ఇంకో చిన్న దెబ్బ వేసేవాడు. నియమాల పలకలో ఆ దెబ్బ లేదు. అదేమిటంటే, "కొసరు," అన్నాడు. "కూరగాయలమ్మేవాళ్లు చివర్లో ఓ గుప్పెడు వెయ్యరూ? అలాంటిదే." కాసేపటికి పైనుంచి రెండు దెబ్బలు, ఒక ఊపిరి, ఒక కొసరు తిరిగొచ్చేవి.

పైన గంట కొట్టేది ఒక ఆడమనిషి. ముప్పై అయిదేళ్ల కిందట తాడు కట్టిన రోజుల్లో ఆవిడ పని నేర్చుకోవడానికి కిందికి దిగిందట. పదకొండు రోజులుందట. కొత్త తొట్టి నడిచిన మొదటిరోజు, అందులో మొదటి సరుకు తనే అయి పైకి వెళ్లిందట. ఆవిడని తొట్టిలో కూర్చోబెట్టింది పెదనాన్నే. ఆ మర్నాడే పట్నం నుంచి ఎవరో అధికారి వచ్చి గోడ మీద ఎర్ర అక్షరాలు రాయించాడు. అంతే, ఆ తర్వాత ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు. గంటమ్మ ఏడేళ్ల వయసులో ఆవిడకి తనంతట తనే పైపెద్దమ్మ అని పేరు పెట్టింది. పెదనాన్న చెవులు ఎర్రబడ్డాయి గాని, కాదని అనలేదు.

"వెళ్లి తెచ్చుకోవచ్చుగా పెద్దమ్మని?"

"ఇక్కడ గంట ఎవరు కొడతారు?"

"పోనీ ఆవిడే దిగి రావచ్చుగా?"

"అక్కడ ఎవరు కొడతారు? రెండు గంటలూ ఒకరే కొట్టలేరు కదమ్మా." 

గంటమ్మ పెద్దదై, ఇక్కడ నేను కొడతాను నువ్వు వెళ్లిరా అనేసరికి, ఆయన మోకాళ్లు లేచి వాకిలి దాటడానికే మొరాయిస్తున్నాయి. కొన్ని పనులకి వేళ దాటిపోయిందని వేళ దాటాకే తెలుస్తుంది.

పోయేముందు ఆర్నెల్లు ఆయన గడ్డం గీసుకోవడం మానేశాడు. చూపు ఆనడం లేదు కాబోలు, చెయ్యి వణుకుతోంది కాబోలు అనుకుంది గంటమ్మ. గంట మాత్రం మానలేదు. కర్ర పట్టుకుని వెళ్లి రెండు దెబ్బలూ కొసరూ వేసి వచ్చేవాడు. మూడేళ్ల కిందట, వానలు మొదలైన పదో రోజున, నిద్రలోనే పోయాడు.

మట్టి చేసి వచ్చిన మర్నాడు పొద్దున, పాకలో రెండు పిండి బస్తాలు, ఒక మందుల పెట్టె ఎదురుచూస్తున్నాయి. పైన ఎవరికో జ్వరం. గంటమ్మ కళ్లు తుడుచుకుని సరుకు ఎక్కించి, పిడి పట్టుకుని రెండు దెబ్బలు కొట్టింది. ఇన్నేళ్లుగా చూసిన చెయ్యి కదా, దానంతటదే ఒక ఊపిరి ఆగి, కొసరు వేసేసింది. అచ్చం పెదనాన్నలాగే. పైనుంచి రెండు దెబ్బలు వచ్చాయి. కొసరు కూడా వచ్చింది. గంటమ్మ బస్తాకి మొహం ఆనించి వెక్కి వెక్కి ఏడ్చింది.

ఆ తర్వాతైనా చెప్పొచ్చు కదా అంటారేమో. ఎలా చెప్పాలి? పోయాడు అనడానికి గంటలో దెబ్బ లేదు. చీటీ రాద్దామంటే పెద్దమ్మకి చదువు రాదు, ఎవరో పైకి చదివి వినిపించాలి. ముప్పై ఏళ్ల కొసరుని ఇంకొకరి నోట చదివించి తెంచడానికి గంటమ్మకి మనసు రాలేదు. వాగు పొంగి దారి నాలుగు నెలలు తెగిపోయింది. దారి తెరుచుకునేసరికి అబద్ధానికి నాలుగు నెలల వయసొచ్చింది. ఆ వయసు అబద్ధాన్ని విప్పడం కంటే మోయడమే తేలిక.

మిగిలిన భయమల్లా గాడిదలాయన. రెండు మూడు నెలలకోసారి కంచరగాడిదలు తోలుకుని పైకీ కిందికీ తిరిగేది ఆయనొక్కడే. ఆయన నోట్లో నువ్వుగింజ నానదని ఊరంతటికీ తెలుసు. గంటమ్మ ఆయన్ని పాకలోకి పిలిచి టీ ఇచ్చి, చేతులు పట్టుకుంది.

"బాబాయ్, పైన పెద్దమ్మకి మాత్రం చెప్పకు. తట్టుకోలేదు. నామీద ఒట్టు."

గాడిదలాయన మొహం ఎలాగో పెట్టాడు. ఏదో అనబోయి, టీ ఒక్క గుక్కలో తాగేసి, నాలుక కాల్చుకున్నాడు. "ఒట్టే, ఒట్టే," అంటూ వెళ్లిపోయాడు. అప్పట్నుంచి పైనుంచి తిరిగొచ్చినప్పుడల్లా గంటమ్మ పెద్దమ్మ ఎలా ఉందని అడిగేది. "ఆవిడకేమ్మా, ఏ నొప్పులూ లేవు, ఏ దిగులూ లేదు," అనేవాడు, గాడిద చెవుల వంక చూస్తూ.

అలా మూడేళ్లు. గంటమ్మకి ముప్పై ఆరొచ్చాయి. ఒకప్పుడు సంబంధాలు రాకపోలేదు. వచ్చినవాళ్లు దారి చూసి భయపడ్డారు, దారిని చూసి భయపడనివాళ్లు గంట వదిలి రానన్న పిల్లని చూసి భయపడ్డారు. పాకలో ఆమె ఒక్కతే. పొద్దున ఒక కొసరు, సాయంత్రం ఒక కొసరు, ఆ రెంటి మధ్యా రోజు. ఈ లోకంలో తనతో రోజూ పలికే మనిషి ఆ కొండమీది ముసలావిడ ఒక్కతే అని ఆమెకి తెలుసు. ఆ పలుకు కూడా తనకి కాదని, చనిపోయిన పెదనాన్నకని తెలుసు. ఇంకొకరికి వడ్డించిన అన్నం తింటున్నట్టుండేది. అయినా తినేది. ఆకలి అలాంటిది.

ఇంకో ముచ్చట చెప్పాలి. తొట్టి ఖాళీగా పోకూడదు. ఖాళీగా పోతే గాలికి ఊగి తాడు మీంచి చక్రం తప్పుతుంది. అందుకని సరుకు లేనప్పుడు అందులో ఒక రాయి పెట్టి పంపుతారు. గుమ్మడికాయంత వాగు రాయి, ముప్పై ఏళ్లుగా అటూ ఇటూ తిరిగి నున్నబడిపోయింది. రెండేళ్ల కిందటి చలికాలంలో ఒకనాటి పొద్దున, వేళ్లు కొంకర్లు పోయి గంటమ్మ రెండో దెబ్బ ఆలస్యంగా కొట్టింది. ఆ సాయంత్రం వచ్చిన రాయి గోనెగుడ్డలో చుట్టి ఉంది. విప్పి చూస్తే వెచ్చగా ఉంది. పొయ్యి పక్కన పెట్టి పంపినట్టున్నారు. గంటమ్మ దాన్ని ఒళ్లో పెట్టుకుని, చల్లారేదాకా కదలకుండా కూర్చుంది. ఆ రోజు నుంచి చలికాలమంతా రాయి వెచ్చగానే వచ్చింది. ఊరుకుంటుందా మరి, ఎండలు ముదిరాక గంటమ్మ ఆ రాయిని వాగు మడుగులో నానబెట్టి, తడిగుడ్డ చుట్టి పైకి పంపింది. పెద్దమ్మ మెడకి ఆనించుకుంటుందని ఊహించుకుంది. ఈ రాయి సంగతి పెదనాన్న ఉండగా లేదు. అందుకే ఆమెకి అదంటే ప్రాణం. అప్పుడప్పుడూ, ఇది నాదే, నాకే పంపింది అనుకునేది. వెంటనే సిగ్గుపడేది. పెద్దమ్మ పంపింది చలికి ముడుచుకుపోయిన పెదనాన్న చేతుల కోసం కదా.

ఇలా ఉండగా రోడ్డొచ్చింది. రావడమంటే ఒక్కరోజులో రాలేదు, రెండేళ్లుగా లోయ అవతల బండలు పగిలే చప్పుడు వినిపిస్తూనే ఉంది. వాగు మీద వంతెన పూర్తయిందని, వచ్చే నెల నుంచి జీపులు పైకి పోతాయని చెప్పడానికి ఒక అధికారి వచ్చాడు. "నెలాఖరుకి తొట్టి ఆపేస్తున్నాం. తాడూ తీగా దింపేస్తాం. నీకూ విశ్రాంతేగా," అన్నాడు. గంటమ్మ తలూపింది. ఆయన వెళ్లాక పాక గడప మీద కూలబడింది.

విశ్రాంతి సంగతి తర్వాత. మొదటి జీపులో ఎవరు దిగుతారు? పెద్దమ్మ దిగుతుంది. ముప్పై ఏళ్లుగా కొండ మీద కూర్చున్న మనిషి రోడ్డు పడితే ఇంకెక్కడికి వస్తుంది? ఈ గడప ముందు నిలబడి, "ఏడీ ఆయన?" అంటుంది. అప్పుడు గంటమ్మ మొహం ఎక్కడ పెట్టుకోవాలి? మూడేళ్లు నిన్ను మోసం చేశానని గుమ్మంలో నిలబెట్టి చెబుతుందా? జీపుకంటే ముందు తనే వెళ్లాలి. కాళ్లు పట్టుకుని తనే చెప్పాలి. తిడితే పడాలి. పెద్దమ్మ ఇక తన మొహం చూడనంటే, ఉన్న ఒక్క మనిషీ పోతుంది. పోతే పోనీ అనుకుంది గాని, పోనివ్వాలని లేదు.

నడిచి వెళ్తే పోనూ రానూ నాలుగు రోజులు. అన్ని రోజులు గంట వదలడానికి లేదు. ఇంక మిగిలింది ఒకటే దారి. తనే దిద్దిన ఎర్ర అక్షరాల వంక గంటమ్మ కాసేపు చూసి, మొహం తిప్పుకుంది.

ఆ పొద్దున లోయ నిండా మంచు. పైకి పోవలసింది ఒక ఉప్పు బస్తా. దాన్ని గోడకి ఆనించి, రెండు దెబ్బలు కొట్టి, ఊపిరి ఆగి, కొసరు వేసింది. జవాబొచ్చింది. పైన టీ గ్లాసు కింద పెట్టి ఇంజను తిప్పేంత వ్యవధి ఉంటుంది. గబగబా తొట్టిలోకెక్కి మోకాళ్లు ముడుచుకుంది. తొట్టి ఒక చిన్న కుదుపుతో గట్టు వదిలింది.

ముందు పాక మాయమైంది. తర్వాత గట్టు. కాసేపు కిందనుంచి వాగు చప్పుడు వచ్చింది, అదీ తగ్గిపోయింది. పైన చక్రాలు తిరుగుతున్న కిర్రు ఒక్కటే. ఎటు చూసినా తెలుపు. కింద ఎంత లోతుందో కనబడకపోవడమే మంచిదైంది. తను పైకి పోతోందో, ఉన్నచోటే ఉందో, లోకమే కిందికి జారిపోతోందో ఆమెకి తెలియలేదు. ఇలాగే, ఇదే తొట్టిలో, ముప్పై అయిదేళ్ల కిందట ఒక పడుచుపిల్ల వెళ్లిందనుకుంది. ఆ పిల్ల వెనక్కి తిరిగి గట్టు కనుమరుగయ్యేదాకా చూసి ఉంటుంది. గట్టు మీద నిలబడ్డవాడు కూడా చూసి ఉంటాడు. తడిసిన వెంట్రుకలు నుదుటికి అంటుకుంటున్నా తుడుచుకోవాలనిపించలేదు. భయం వేయాల్సిన చోట గంటమ్మకి ఎందుకో నిద్ర వచ్చినట్టు హాయిగా ఉంది.

సగం దూరంలో తొట్టి ఆగిపోయింది.

ఉప్పు బస్తా కదలదు. మనిషి కదులుతుంది. తాడు ఊగడంలో ఏదో తేడా పైవాళ్లకి తెలిసి ఉంటుంది. ముందుకీ లేదు, వెనక్కీ లేదు. హాయి కాస్తా ఎగిరిపోయింది. అప్పుడు చూసింది, చెయ్యి చాపితే అందేంత దూరంలో గంట తీగ, పొడుగునా నీటి చుక్కలు పట్టుకుని ఉంది. గంటమ్మ చెయ్యి చాపి దాన్ని పట్టుకుని, వేలికొసతో కదిపినట్టు ఒక్కసారి లాగింది. ఏమీ వినిపించలేదు. ఎక్కడో అక్కడ వినిపించి ఉంటుంది. తీగ వదల్లేదు. కొంతసేపటికి, ఆమె అరచేతిలో తీగ ఒక్కసారి మెల్లిగా అదిరింది. ఇన్నాళ్లూ చెవితో విన్నదాన్ని చెయ్యి గుర్తుపట్టింది. అంత చల్లటి ఇనుము అంత ఆప్యాయంగా ఉంటుందని ఆమె ఎన్నడూ అనుకోలేదు.

"తిట్టకు పెద్దమ్మా," అంది మంచులోకి. తొట్టి కదిలింది.

మొదట ఇంజను చప్పుడొచ్చింది, తర్వాత పొగ వాసన, ఆ తర్వాత మంచులోంచి ఒక మనిషి. ఆడమనిషి కాదు. నలభై ఏళ్లుంటాయి, మెడకి తువ్వాలు, చేతిలో తొట్టిని లాక్కునే కొక్కెం. ఆమెని చూసి కొక్కెం గాల్లోనే ఉంచేశాడు.

"ఉప్పు బస్తా అనుకున్నాను," అన్నాడు.

"బస్తాని కాను. ముందు చెయ్యందించండి, కాళ్లు తిమ్మిరెక్కాయి."

అతను చెయ్యిచ్చి దింపాడు. ఇద్దరూ ఒకేసారి నోరు తెరిచారు.

"పెద్దమ్మ ఎక్కడుంది?" అంది గంటమ్మ.

"పెద్దాయనకేమైనా అయిందా?" అన్నాడతను.

ఇద్దరూ జవాబు చెప్పలేదు. చెప్పకపోవడంతోనే ఇద్దరికీ తెలిసిపోయింది. అతను వెళ్లి ఇంజను ఆపాడు. తువ్వాలుతో చేతులు తుడుచుకుంటూనే ఉన్నాడు, చేతులకి ఏమీ లేకపోయినా.

"ఎప్పుడు?" అన్నాడు చివరికి.

"మూడేళ్లయింది. వానల్లో. మరి పెద్దమ్మ?"

"అంతకు ముందు చలికాలం. నేను ఆవిడ మేనల్లుణ్ని. ఆఖర్లో అత్తకి చేతకాకపోతే వచ్చి ఉన్నాను. పోయిన మర్నాడు గంట మోగింది. కొసరు వచ్చింది. ఆ ముసలాయనకి ఏమని చెప్పను? అత్త కొట్టినట్టే కొట్టాను."

గంటమ్మకి కోపం ముంచుకొచ్చింది. ఏడుపు రావలసిన చోట ముందు కోపం వచ్చింది, ఏం చేస్తాం.

"మూడేళ్లు! మూడేళ్లు పెద్దమ్మ పెద్దమ్మ అని నీ గంటకి సమాధానం చెప్పానా? ముసలావిడ చలికి ఎలా ఉందో, తిన్నదో లేదో అని నేనిక్కడ, కాదు అక్కడ... ఎంత మోసం!"

"మరి నువ్వు?"

"నేనేం చేశాను?"

"పెద్దాయనలా కొట్టావు."

మీరు అనడం ఇద్దరూ ఎప్పుడు మానేశారో ఇద్దరూ గమనించలేదు. 

"గాడిదలాయనకి తెలుసా?" అంది నెమ్మదిగా.

"నేనే ఒట్టు వేయించుకున్నాను, కింద చెప్పొద్దని. పెద్దాయన ఎలా ఉన్నారంటే, 'ఆయనకేం, హాయిగా పడుకున్నాడు' అనేవాడు."

"నాతో 'ఏ నొప్పులూ లేవు' అనేవాడు."

ఒక్క అబద్ధమూ ఆడలేదు మహానుభావుడు. ఒక్క మాట దాచుకోలేని మనిషి రెండు చావుల్ని మూడేళ్లు కడుపులో మోశాడు. ఆ నాలుక కాలిన టీ గుర్తొచ్చి గంటమ్మకి నవ్వొచ్చింది. ఆమెని చూసి అతనూ నవ్వాడు. నవ్వు ఎక్కడ ఆగిందో ఏడుపు ఎక్కడ మొదలైందో తెలియలేదు. పెద్దమ్మ ఆమెకి ఇప్పుడే పోయింది. పెదనాన్న అతనికి ఇప్పుడే పోయాడు. ఇంజను పక్కన పెట్టిన చెక్క బల్ల మీద ఇద్దరూ కూర్చుని, ఇంత ఆలస్యంగా వచ్చిన దుఃఖాన్ని పంచుకున్నారు.

అతను టీ పెట్టాడు. లోపల కిటికీ పక్కన ఒక దువ్వెన వేలాడుతోంది. "అత్తది," అన్నాడు. "పొద్దున్నే తల దువ్వుకుని గాని గంట దగ్గరికి వెళ్లేది కాదు. ఈ కొండమీద నిన్నెవరు చూస్తారత్తా అంటే, చూడ్డానికి కాదురా అనేది. మరి దిగి వెళ్లొచ్చుగా అంటే..."

"రెండు గంటలూ ఒకరే కొట్టలేరు."

"నీకెలా తెలుసు?"

"అక్కడా అదే మాట."

గంటమ్మ గ్లాసు రెండు చేతులతో పట్టుకుంది. పెదనాన్న అద్దం ముక్క గుర్తొచ్చింది. వేణ్ణీళ్లు, ఉతికిన చొక్కా, బొత్తాలు. ఆ తర్వాత, గడ్డం పెరిగిన ఆఖరి ఆర్నెల్లు. ఆమె గ్లాసు కింద పెట్టింది.

"పెద్దమ్మ పోయింది చలికాలంలో అన్నావు కదూ? బాగా మంచు కురిసిన రోజుల్లో?"

"అవును. ఏం?"

"అప్పట్నుంచే పెదనాన్న గడ్డం గీసుకోవడం మానేశాడు."

అతనికి అర్థం కావడానికి కొంచెంసేపు పట్టింది. అర్థమయ్యాక మొహం మారిపోయింది. "అంటే ఆయనకి తెలిసిపోయింది. మొదటి రోజే."

"ముప్పై ఏళ్లు విన్న చెయ్యి. తెలియదూ?"

"తెలిసి కూడా, చివరిదాకా కొసరు వేశారు. ఎవరికి?"

"నీకే. పైన ఎవరో పిల్లవాడు ఒంటరిగా ఏడుస్తూ కొడుతున్నాడని తెలిసి."

అతను లేచి తలుపు దగ్గరికి వెళ్లి, మంచు వంక తిరిగి నిలబడ్డాడు. భుజాలు కదులుతున్నాయి. గంటమ్మ ఓదార్చలేదు. తను అడగవలసినది ఒకటి మిగిలి ఉంది. అది అడగకుండా దిగిపోతే బతికినన్నాళ్లూ తినేస్తుంది. అతను తిరిగొచ్చి కూర్చునేదాకా ఆగి, అడిగింది.

"ఆ రాయి. వెచ్చటి రాయి. అది కూడా పెద్దమ్మ అలవాటేనా?"

"కాదు. అత్త ఎప్పుడూ పంపలేదు. ఒకరోజు రెండో దెబ్బ ఆలస్యంగా వచ్చింది. చేతులు చల్లబడిపోయాయనుకున్నాను."

"పెదనాన్న చేతులు అనుకున్నావు."

"పేరు అదే పెట్టుకున్నాను," అన్నాడతను. "కాని ఆ రోజు చల్లబడ్డవి ఎవరి చేతులు?"

గంటమ్మ తన చేతుల వంక చూసుకుంది. పగుళ్లు, ఎర్ర రంగు మరకలు, తీగ ఒరుసుకున్న చార. నావే, అందామనుకుంది.

"ఎండాకాలంలో తడిగుడ్డ చుట్టి వచ్చేది," అన్నాడతను మెల్లిగా. "మెడకి ఆనించుకునేవాణ్ని."

సాయంత్రం మంచు పలచబడింది. గంటమ్మ తొట్టిలో కూర్చుంది. అతను లోపలికి వెళ్లి గోనెగుడ్డలో చుట్టిన రాయి తెచ్చాడు.

"నేనున్నానుగా, తొట్టి ఊగదు," అంది.

"ఊగుతుందని కాదు," అని ఆమె ఒళ్లో పెట్టాడు. వెచ్చగా ఉంది.

ఆమె అతని మొహం చూడకుండా, రాయిని చూస్తూ చెప్పింది. "నెలాఖరుకి గంటలు రెండూ తీసేస్తారు. ఇంక ఎవరో ఒకరు ఇక్కడే ఉండి కొట్టాలన్నది లేదు. ఎటువాళ్లు అటే ఉండాలన్నదీ లేదు." అని, వెంటనే "పోనివ్వండి, ఇంజను తిప్పండి," అని గదమాయించింది. మళ్లీ మీరు అంది. అతను ఏదో అనడానికి నోరు తెరిచాడు గాని, తొట్టి కదిలిపోయింది.

కింద దిగేసరికి ఉప్పు బస్తా గోడకి ఆనుకునే ఉంది. గంటమ్మ పిడి పట్టుకుని, చేరానని మూడు దెబ్బలు కొట్టింది. కొసరుకి చెయ్యి పైకి లేచి ఆగిపోయింది. పెదనాన్నది వేయడానికి ఇక మనసొప్పలేదు. ఆ కొసరు ఆయనది, ఆయనతోనే పోయింది. తనకంటూ ఒకటి ఎలా ఉంటుందో ఆమె ఎప్పుడూ వేసి చూడలేదు. కాసేపు ఆలోచించి, పక్కపక్కనే రెండు చిన్న దెబ్బలు వేసింది, తలుపు తట్టినట్టు.

పైనుంచి ఏమీ రాలేదు. రాయి చల్లారుతోంది. పాక ముందు వెలుతురు తగ్గుతోంది. సిగ్గుతో ఆమె చెవులు వేడెక్కాయి. అప్పుడు గంట మోగింది. అది పెద్దమ్మ చెయ్యి కాదు, పెదనాన్న చెయ్యి కాదు. తడబడుతూ, లెక్క తప్పుతూ, ఒకటి, రెండు, మూడు, ఏడు, ఎనిమిది, ఆ మనిషికి ఆపడం తెలిసినట్టు లేదు. గంటమ్మ పిడి పట్టుకుని నవ్వుతూ నిలబడింది. 

మర్నాడు పొద్దున గాడిదలాయన పైకి బయల్దేరుతూ, ఎప్పటిలాగే చీటీల కోసం పాక ముందు ఆగాడు. ఆగి, గుమ్మంలోకి చూసి, చేతిలో పగ్గం వదిలేశాడు. గోడకి తగిలించిన పాత అద్దం ముక్క ముందు నిలబడి గంటమ్మ తల దువ్వుకుంటోంది. ఉతికిన బట్టలు కట్టుకుంది. చేతుల మీది ఎర్ర రంగు మరకలు రుద్ది రుద్ది పోగొట్టుకుంది.

"ఎక్కడికమ్మా ప్రయాణం?" అన్నాడు.

"ఎక్కడికీ లేదు బాబాయ్. గంట కొట్టాలి."

ఆయన ఆమెని చూశాడు, గంటని చూశాడు, మంచు విడిచిన పైగట్టుని చూశాడు. మూడేళ్లుగా బిగబట్టిన ఊపిరేదో వదిలాడు.

"ఇదంతా గంటకి కనిపిస్తుందా?"

"కనిపించదు," అంది గంటమ్మ, పాపిట సరిచేసుకుంటూ.